రెండో వరుసలో ఎనిమిదో ఇల్లు

ఆ ఏడాది మే నెల మొదటి సోమవారం నాడు మేయరు దొనా గ్రవెల్, కొట్టు నడిపే రెజాన్ బ్రిజ్‌బువా ఒకేసారి నా ఆఫీసు గుమ్మంలోకి దూరబోయి ఇరుక్కున్నారు. ఇద్దరూ ఒళ్లున్న మనుషులు. ఇద్దరిలో ఒక్కరు కూడా వెనక్కి తగ్గే రకం కాదు. నేను కుర్చీలోంచి లేవలేదు. పదిహేనేళ్లుగా సెంత్-ఒదీల్ టౌన్‌షిప్‌కి గుమాస్తాని నేనే, టైపిస్టుని నేనే, కుక్కల లైసెన్సులు రాసేది కూడా నేనే. గుమ్మంలో ఇరుక్కున్నవాళ్లని లాగడం కూడా నా పనేనని ఎక్కడా రాసి లేదు.

ఎలాగో విడిపించుకుని లోపలికి వచ్చింది రెజాన్. "మా తాత పంతొమ్మిదివందల పదహారు జూన్‌లో వచ్చాడు. ఈ ఊళ్లో మొదటి చెట్టు కొట్టింది ఆయన. పుస్తకంలో మొదటి పేజీలో అదే ఉండాలి."

"మీ తాత వచ్చేసరికి మా తాత గుడిసెలో పొయ్యి మండుతోంది," అన్నాడు దొనా. "మీ వాడు చలి కాచుకోడానికి తట్టింది మా తలుపే."

"జూన్‌లో చలేంటి?"

"సెంత్-ఒదీల్‌లో జూన్‌లో చలేంటని అడుగుతున్నావంటే, నువ్వసలు ఆ కొట్టు దాటి ఎప్పుడైనా బయటికొచ్చావా?"

ఆగస్టులో టౌన్‌షిప్‌కి నూరేళ్లు నిండుతాయి. ఊరి చరిత్ర పుస్తకంగా వెయ్యాలని కౌన్సిల్ తీర్మానించి, రాసే పని నా నెత్తిన పెట్టింది. అది చాలదన్నట్టు అదే వసంతంలో దేశమంతటా జనాభా లెక్కలు. మా అడవి దారుల్లో తిరగడానికి ఎవరూ ముందుకు రాక ఆ పని కూడా నాకే అంటగట్టారు. ఈసారి రెండువందల లోపు తేలితే ఫ్రెంచి మాట్లాడే మా సెంత్-ఒదీల్‌ని డెబ్బై కిలోమీటర్ల అవతల ఉన్న ఇంగ్లీషు పట్టణంలో కలిపేస్తామని పైనుంచి ఉత్తరం కూడా వచ్చింది. ఒకప్పుడు ఇక్కడ వెయ్యిమందికి పైగా ఉండేవాళ్లు. కోత మిల్లు మూతపడ్డాక సగం మంది పోయారు. బడి మూతపడ్డాక మిగిలినవాళ్లలో సగం మంది పోయారు. ఆ మిగిలిన సగం ఇప్పుడు నన్ను కాల్చుకు తింటోంది.

"సరేలే, తాతల సంగతి తర్వాత," అంది రెజాన్ గొంతు తగ్గించి. "దూరాన అల్బర్టాలో ఉన్న మా అబ్బాయిని కూడా లెక్కలో రాసేయ్."

"వాడు వెళ్లి ఆరేళ్లయింది కదా."

"వాడి బూట్లు ఇక్కడే ఉన్నాయి."

దొనా కిటికీలోంచి బయటికి చూశాడు. రాయవద్దని మాత్రం అనలేదు.

ఇంటికొస్తే అక్కడ ఇంకో మేళం. నాన్న పేరు ఒవీలా, ఎనభై ఆరేళ్లు. ఆ ఇంట్లో ఆయనా నేనూ ఉంటున్నాం. ఆ సాయంత్రం బఠాణీ సూపు గిన్నె పక్కకి తోసి, కళ్లద్దాలు సర్దుకుని, లెక్కల ఫారం చదువుతున్నాడు. నేను ముందే నింపి పెట్టిన రెండు పేర్ల మీద వేలు పెట్టాడు.

"మీ అమ్మ పేరేదీ?"

అమ్మని మూడేళ్ల క్రితం ఆ ఇంగ్లీషు పట్టణంలోని వృద్ధాశ్రమంలో చేర్చాం. మతిమరుపు ముదిరి, ఒక జనవరిలో చెప్పుల్లేకుండా మంచులో నడిచి వెళ్లిపోయింది. ఆ తర్వాత చేర్చక తప్పలేదు.

"అమ్మని అక్కడ రాస్తారు నాన్నా. ఆర్నెల్లు దాటి ఆశ్రమంలో ఉన్నవాళ్లని అక్కడే లెక్కేస్తారు."

"అక్కడ ఎవరు రాస్తారు?"

"ఆఫీసువాళ్లు."

"వాళ్లకి ఎర్నెస్తీన్ అని పలకడం కూడా రాదు. ఎర్నీ అంటారు. గుర్రాన్ని పిలిచినట్టు."

"ఎలా పిలిస్తేనేం, రూలు అది. నేను ప్రమాణం చేసి సంతకం పెట్టాను."

"నేను పెట్టలేదుగా. కలం ఇలా ఇవ్వు."

"నువ్వు రాస్తే తప్పుడు రాత అవుతుంది."

నాన్న గిన్నె మళ్లీ ముందుకి లాక్కుని కాసేపు సూపు తాగాడు. మీసానికి అంటిన బఠాణీ తుడుచుకున్నాడు. "తప్పు కాకుండా ఉండాలంటే ఏం చెయ్యాలి?"

పొద్దుటి నుంచీ పద్నాలుగు ఇళ్లు తిరిగొచ్చాను. మూడు కుక్కలు వెంటపడ్డాయి. "అమ్మ ఇక్కడ ఉండాలి," అన్నాను విసురుగా, గిన్నెలు తీస్తూ.

ఆ మాట అనకుండా నాలుక కరుచుకుని ఉంటే ఆ వేసవి ఇంకోలా గడిచేది.

శనివారం మధ్యాహ్నం మూడో వరుస ఇళ్లు ముగించుకుని వచ్చేసరికి నాన్న ట్రక్కు తలుపు తెరిచే ఉంది. వంటింట్లో అమ్మ కోటు, టోపీ తియ్యకుండా కుర్చీ అంచున కూర్చుని ఉంది. ఆశ్రమంవాళ్లు చేతికి కట్టిన ప్లాస్టిక్ పట్టీ అలాగే ఉంది. నన్ను చూసి మర్యాదగా నవ్వి ఇంగ్లీషులో "థాంక్యూ, మిస్," అంది.

"ఎన్నాళ్లకి తెచ్చావు?" అన్నాను నాన్నతో.

"తెచ్చాను."

"ఎన్నాళ్లకని అడుగుతున్నా."

"ఎక్కడ పెట్టమంటే అక్కడ సంతకం పెట్టాను. అంతా ఇంగ్లీషులో ఉంది."

ఆశ్రమానికి ఫోన్ చేశాను. వేసవి సెలవు కింద రాసుకున్నామనీ, జులై ఆఖరిదాకా మంచం ఉంచుతామనీ, తర్వాత ఇంకొకరికి ఇచ్చేస్తామనీ చెప్పారు. మూడు రోజుల్లో లెక్కల రోజు. నాన్న కొత్త ఫారంలో ముగ్గురి పేర్లూ తన వంకర రాతతో రాసి, కవరు అంటించి, దాని మీద పిడికిలితో రెండుసార్లు గుద్ది నా చేతిలో పెట్టాడు. జనాభా లెక్కల్లో నా పైఅధికారికి ఫోన్ చేసి ఉన్నదున్నట్టు చెప్పాను. మర్యాదగల మనిషి. ఎక్కడో నగరంలో కూర్చుని మాట్లాడుతున్నాడు.

"ఆవిడ తిరిగి వెళ్తారా?" అన్నాడు.

"నాకు తెలీదు."

"వెళ్లేట్టయితే ఆ పేరు కొట్టెయ్యాలి. జులై నెలాఖరుకి నేను ఫైళ్లు మూసేస్తాను. ఆలోగా తెలుసుకుని చెప్పండి."

అలా మా అమ్మ మా ఇంట్లో ఉన్నట్టా లేనట్టా అన్నది కూడా నా పనుల జాబితాలో చేరింది.

జూన్ అంతా నల్ల ఈగలు. ఊళ్లోవాళ్లకి ఫారాలు నింపే తీరిక లేదు కానీ నన్ను ఆపి మాట్లాడ్డానికి కావలసినంత తీరిక. ఒకాయన తన ఇంట్లో ఎంతమందో ప్రభుత్వానికి ఎందుకన్నాడు. ఒకావిడ తన వయసు రాయనంది. దొనా రోజూ వచ్చి "ఎంతదాకా వచ్చింది?" అని అడిగేవాడు. నూట తొంభై ఏడు. అమ్మని కలిపితే నూట తొంభై ఎనిమిది. ఎటు తిప్పినా రెండువందలు కావడం లేదు.

"ఇంకో ఇద్దరు," అనేవాడు. "ఇద్దరే కదమ్మా."

"నన్ను కనమంటావా?"

ఇంట్లో అమ్మకి ముప్పూటలా తినిపించాలి. బట్టలు మార్చాలి. ఒక రోజు రొట్టెకి బదులు నా చేతిసంచీ ఓవెన్లో పెట్టింది. నాన్న సాయం చేస్తానని వచ్చి, అమ్మ పక్కన కుర్చీ వేసుకుని, అమ్మ చెయ్యి తన చేతిలో పెట్టుకుని కునుకు తీసేవాడు. ఆయన సాయం అంతే. నేను నడుం పట్టేసి పళ్లు కొరుక్కుంటూ ఎంగిలి గిన్నెలు తోముకునేదాన్ని. గోడమీది కేలండర్లో జులై ఆఖరి తేదీ చుట్టూ పెన్సిలుతో సున్నా చుట్టింది నేనే. నాన్న దాన్ని చూశాడు.

ఒక రోజు స్నానం చేయిస్తున్నాను. అమ్మ వీపు రుద్దుతుంటే తనలో తను ఏదో గొణుక్కుంటోంది. ఆశ్రమంలో నర్సులు కూడా చెప్పేవాళ్లు, ఏదో జపం చేసుకుంటుందని. వాళ్లకి ఫ్రెంచి రాదు. నాకు వచ్చు కానీ నేనూ ఎప్పుడూ విన్నది లేదు. ఆ రోజు నీళ్లు చప్పుడు చెయ్యకుండా ఉన్నాయి.

"రెండో వరుస, మూడో ఇల్లు, లావిక్టువార్ వాళ్లు. తొమ్మిదిమంది. ముసలాయనకి ఎడమ చెవి వినపడదు. పెద్దది కుట్టుపని చేస్తుంది. రెండో వరుస, నాలుగో ఇల్లు, పికార్ వాళ్లు. పదకొండు. కవలలు ఉన్నారు. ఒకడికి నత్తి."

"ఏంటమ్మా అది?" అన్నాను.

అమ్మ ఆగిపోయింది. నా వంక చూసి, చికాకు పడిన టీచరులా, మొదటి వరుస మొదటి ఇంటి దగ్గర నుంచి మళ్లీ మొదలుపెట్టింది.

మర్నాడు ఆఫీసులో పాత పన్నుల పుస్తకం తీసి చూశాను. 1955. వరుసలు, ఇళ్లు, ఇంటి పేర్లు అన్నీ ఒకదాని వెనక ఒకటి అమ్మ చెప్పినట్టే ఉన్నాయి. కాకపోతే పన్నుల పుస్తకంలో మగవాళ్ల పేర్లే. ఆడవాళ్లు, పిల్లలు, ముసలివాళ్లు, నత్తివాడు, కుట్టుపని పిల్ల అమ్మ దగ్గరే ఉన్నారు.

ఇక అప్పటినుంచి నాకు ఇంకో చాకిరీ. పెన్సిలూ కాగితాలూ పట్టుకుని అమ్మ వెనకాల తిరిగేదాన్ని. ఆవిడ చెప్పమన్నప్పుడు చెప్పదు. నేను సబ్బు చేతులతో ఉన్నప్పుడు, పాలు పొంగుతున్నప్పుడు మొదలెడుతుంది. మధ్యలో ఒక్క ప్రశ్న వేస్తే చాలు, మళ్లీ మొదటి వరుస మొదటి ఇల్లు. రెండో వరుస ఏడో ఇంటిదాకా వచ్చి ఎప్పుడూ అక్కడే ఆపేసేది. ఒక్కోసారి ఆ తర్వాతి ఇల్లు వదిలేసి మూడో వరుసకి వెళ్లిపోయేది. ఎనిమిదో ఇల్లు మాది. మా ఇంట్లో ఎవరున్నారో నాకు తెలుసు కదా అని నేనూ అడగలేదు.

ఈ సంగతి కొట్టుదాకా పాకడానికి రెండు రోజులు పట్టలేదు. ఒక ఆదివారం రెజాన్ మాంసం కూరిన రొట్టె పళ్లెం పట్టుకుని వచ్చింది. ఆవిడ వచ్చిందని తెలిసి దొనా కూడా వచ్చాడు. ఇద్దరూ అమ్మకి చెరో పక్కన కూర్చున్నారు.

"ఎర్నెస్తీనమ్మా," అంది రెజాన్ తియ్యగా, "మొదటి వరుస మొదటి ఇల్లు ఎవరిది?"

"దెలిమా లెకూర్," అంది అమ్మ. "విధవ. అయిదుగురు పిల్లలతో వచ్చింది, ఇంకోడు కడుపులో. మంచు కరక్కముందే వచ్చింది. మా అమ్మ చెప్పేది. తర్వాత గ్రవెల్ కుర్రాడు, బ్రిజ్‌బువా కుర్రాడు ఒక్క బండిలోనే దిగారు. ఇద్దరూ ఆవిడ చేతి వంటే తిన్నారు. ఇద్దరికీ పేలు. ఆవిడే తలలు గొరిగింది."

నాన్న దగ్గు వచ్చినట్టు మొహం పక్కకి తిప్పుకున్నాడు.

"మతి లేని మనిషి చెప్పింది పుస్తకంలో ఎలా రాస్తావు?" అన్నాడు దొనా నాతో.

"అవును, ఎలా రాస్తావు?" అంది రెజాన్.

ఆ ఇద్దరూ ఒక మాట మీద నిలబడటం నేను చూడటం అదే మొదలు. నేను చర్చికి వెళ్లి, నెలకోసారి వచ్చే ఫాదరీని బతిమాలి, మొట్టమొదటి రిజిస్టరు తీయించాను. 1916 ఏప్రిల్. ఊళ్లో మొదటి బాప్తిస్మం, దెలిమా లెకూర్ కొడుకుది. తండ్రి మరణించాడు అని పక్కన రాసి ఉంది. ఆ పేజీ ఫొటో తీసి దొనాకి ఒకటి, రెజాన్‌కి ఒకటి పంపాను. వారం రోజులు ఇద్దరూ నాతో మాట్లాడలేదు. ఆ వేసవిలో నాకు దొరికిన విశ్రాంతి అదే.

జులై మధ్యలో అడవి స్ట్రాబెర్రీలు వచ్చాయి. చిటికెన వేలి గోరంత ఉంటాయి. ఒక్కొక్కదానికీ తొడిమ తియ్యాలంటే ప్రాణం విసుగెత్తిపోతుంది. అయినా జామ్ లేకుండా నాన్నకి చలికాలం గడవదు. ముగ్గురం వంటింటి బల్ల చుట్టూ కూర్చుని తొడిమలు తీస్తున్నాం. అమ్మ చేతులకి ఆ పని గుర్తుంది. మా ఇద్దరికన్నా వేగంగా తీస్తూ, రెండో వరుస ఇళ్లు చెప్పుకుపోతోంది. ఏడో ఇంటిదాకా వచ్చి ఆగింది. నేను తలెత్తలేదు.

"ఎనిమిదో ఇల్లు," అంది అమ్మ. "ఒవీలా, నేను. పిల్లలు నలుగురు."

"ముగ్గురమమ్మా," అన్నాను. అన్న తర్వాత, మళ్లీ మొదటి వరుసకి వెళ్లిపోతుంది కాబోలు అనుకున్నాను.

వెళ్లలేదు. వేళ్లు మడిచింది. "ఫెర్నాఁ. రెయాల్. మరియెత్. జినెత్. నలుగురు."

ఫెర్నాఁ, రెయాల్ మా అన్నలు. జినెత్ నేను. మరియెత్ ఎవరో నాకు తెలీదు. నాన్న లేచి, తొట్టి దగ్గరికి వెళ్లి చేతులు కడుక్కున్నాడు. చాలాసేపు కడుక్కున్నాడు. తువ్వాలు అక్కడే ఉన్నా చేతులు తుడుచుకోలేదు.

"యాభై ఏడు జనవరి," అన్నాడు మాకు వీపు పెట్టే. "మంచు తుఫానుకి రోడ్డు మూసుకుపోయింది. రోడ్డు తెరిచాక తీసుకెళ్లి బాప్తిస్మం ఇప్పిద్దాం అనుకున్నాం. ఒంట్లో బాగానే ఉండేది. పాలు బాగా తాగేది. ఒక పొద్దున లేచి చూస్తే లేదు. పదకొండు రోజులు."

అమ్మ ఇంకో పిడికెడు పళ్లు తన ముందుకి లాక్కుంది.

"బాప్తిస్మం లేదు కాబట్టి రిజిస్టరులో రాయనన్నాడు ఫాదరీ. శ్మశానం కంచె బయట పెట్టించాడు. ఊరికి యాభై ఏళ్లు నిండినప్పుడు కూడా ఒక పుస్తకం వేశారు. ఇంటింటికీ వచ్చి, పిల్లలెంతమంది అని అడిగారు. ముగ్గురని చెప్పాను. మీ అమ్మ నా పక్కనే నిలబడి ఉంది. అప్పుడేం అనలేదు. ఆ తర్వాతా ఏమీ అనలేదు."

నాకు ఏడుపు రాలేదు. కోపం వచ్చింది. నాకంటే ఏడాది ముందు పుట్టిన అక్క గురించి యాభై ఎనిమిదేళ్లు వచ్చాక స్ట్రాబెర్రీల మధ్యన తెలుసుకోవాలా అని. ఫాదరీ మీద, నాన్న మీద, ఆ రోజు మాట్లాడకుండా నిలబడ్డ అమ్మ మీద. అన్నిటికన్నా, మే నెలలో ఇదే బల్ల దగ్గర రూలు రూలు అని వల్లించిన నా మీద. తిట్టడానికి మాట దొరక్క, "ముందు చేతులు తుడుచుకో నాన్నా, నేలంతా తడుస్తోంది," అన్నాను.

ఆయన తుడుచుకుని వచ్చి కూర్చున్నాడు. మిగిలిన పళ్లు పూర్తి చేశాం.

ఇరవై ఎనిమిదో తేదీన ఆశ్రమం నుంచి ఫోన్ వచ్చింది. మంచం కోసం ఇంకొకరు ఎదురుచూస్తున్నారు, ఏదో ఒకటి ఇప్పుడే తేల్చమంది అవతలి అమ్మాయి. నేను ఫోన్ మీద చెయ్యి అడ్డం పెట్టి నాన్న వైపు చూశాను.

"నువ్వే చెప్పు," అన్నాడు. "స్నానం చేయించేది నువ్వు."

"ఇన్నాళ్లకి గుర్తొచ్చిందా?"

"మొదటినుంచీ గుర్తుంది. పంపించేస్తానన్నా నేనేమీ అనను. ఈసారి నేను కూడా అక్కడికే పోయి ఉంటాను, అంతే. నీకు ఇల్లు ఖాళీ అవుతుంది."

బెదిరింపు కాదది. వాతావరణం చెప్పినట్టు చెప్పాడు. పక్క గదిలో అమ్మ కిటికీ దగ్గర కూర్చుని తెర అంచుని మడతలు పెడుతోంది. ఉతికిన దుప్పట్లు ఇంకా తీగ మీద ఉన్నాయి. వానొచ్చేలా ఉంది. నా నడుం రెండు ముక్కలవుతోంది. కేలండర్లో నేను చుట్టిన సున్నా ఇంకో మూడు గళ్ల అవతల ఉంది.

"మంచం వాళ్లకి ఇచ్చెయ్యండి," అన్నాను ఫోన్లో.

"ఖాయమేనా? మళ్లీ కావాలంటే రెండేళ్లు పట్టొచ్చు."

"ఖాయమే. ఆవిడ ఇక్కడుంటుంది."

ఆ వెంటనే పైఅధికారికి ఫోన్ చేసి, మా ఇంట్లో ముగ్గురం, ఆ ఫారం సరిగ్గానే ఉందని చెప్పాను. మొత్తం నూట తొంభై ఎనిమిది. రెజాన్ కొడుకు బూట్లు లెక్కలోకి రాలేదు. ఇద్దరు తక్కువైన పాపం నాదేనని దొనా కౌన్సిల్ మీటింగులో నాలుగుసార్లు అన్నాడు. రెండేళ్లకి మమ్మల్ని ఆ పట్టణంలో కలిపేశారు కూడా.

అది తర్వాతి సంగతి. ఆ ఆగస్టులో నా బాధంతా పుస్తకంతోనే. రెండో ఆదివారం ఉత్సవం. దానికి వారం ముందు ప్రెస్సువాళ్లు ఆఖరి ప్రూఫు పంపారు. అప్పటికే రెండుసార్లు ఆపించాను. ఒకసారి దొనా తాత పేరులో ఒక అక్షరం కోసం, ఇంకోసారి రెజాన్ తన ఫొటో మార్చమన్నందుకు. ఇక ఒక్క మార్పు కూడా కుదరదని ప్రెస్సు ఆయన నా దగ్గర మాట తీసుకున్నాడు. నాన్న భూతద్దం పెట్టుకుని మా ఇంటి పేజీ చదివాడు. అన్నలిద్దరి తర్వాత, నాకు ముందు, ఆ పేరు ఉంది. మరియెత్, 1957 జనవరి, 11 రోజులు.

"పన్నెండు," అన్నాడు.

"పదకొండని నువ్వే చెప్పావు నాన్నా. నీ నోటితో చెప్పావు."

"పోయిన రోజు కలపలేదు." భూతద్దం కింద పెట్టాడు. "ఆ రోజంతా కూడా మా దగ్గరే ఉంది. సాయంత్రందాకా మీ అమ్మ ఇవ్వలేదు."

నేను ప్రెస్సుకి ఫోన్ చేశాను. నా గొంతు వినగానే ఆయన గట్టిగా ఊపిరి వదిలాడు.

"మేడమ్, మిషను ఎక్కించేస్తున్నాం. ఇక మార్పులు లేవని మీరే అన్నారు."

"అన్నాను."

"ఎంత ఉంది మార్పు?"

"ఒక్క అంకె."

"ఒక్క అంకె కోసం మిషను ఆపమంటారా?"

"ఆపండి," అన్నాను. "పేజీ నంబరు చెప్తాను, రాసుకోండి."